చెయ్యెత్తితే విమానం ఆగుతది

వనపర్తి జిల్లా పెద్దమందడిలో ఒక ఇంటి సంగతి ఇది. ఇంటర్ ఎంపీసీ పూర్తి చేసిన అమ్మాయి నౌకాదళంలో అగ్నివీర్‌గా చేరతానంటోంది. తండ్రి వద్దంటున్నాడు, మేనమామ పోనిమ్మంటున్నాడు. తండ్రి యాసంగికి పల్లీ వేసే రైతు. వయసులో ఉండగా గుంపు మేస్త్రీ వెంట వలస తిరిగినవాడు. మేనమామ విమానవాహక నౌకల మీద ఎయిర్‌క్రాఫ్ట్ హ్యాండ్లర్‌గా, అంటే డెక్ మీద విమానాలను జరిపి, కట్టి, విప్పే పనిలో సర్వీసంతా గడిపి పెన్షన్‌తో ఊరు చేరినవాడు. సముద్రానికి వందల కిలోమీటర్ల దూరాన ఉన్న ఊళ్లో ఈ వాదనేమిటని అనుకోనక్కర్లేదు. పాలమూరు పిల్లలు ఎక్కడికి పోయి, ఎవరి మాట కింద పనిచేయాలన్నది ఇక్కడ తరాల నుంచి నడుస్తున్న ప్రశ్న. ఇద్దరి మాటా వాళ్ల యాసలోనే రాస్తున్నాను.

బావ: నీ మాట కాదనుడు నాకు కష్టమే బామ్మర్దీ. అయినా జెప్తున్న, బిడ్డను పంప. పదారు వందల మందిని ఇనుపగోడల నడుమ వెట్టుకోని ఆ ఓడ నీళ్ల మీద తిరుగుతది. మీద విమానం లేస్తది, పేపర్ల పైలెట్ ఫోటో వస్తది. కింద చాకిరి జేసేటోని పేరు ఎవ్వనికి ఎర్క? మనకు ఈ కత కొత్తదా? ఏ డ్యాం కాడికి పోయినా మట్టి మోసింది పాలమూరు గుంపులే. శిలాఫలకం మీద మాత్రం మంత్రి పేరు.

బామ్మర్ది: పైలెట్ ఫోటోనే వస్తది, కాదన. కాని ఒక్క విమానం లేవాల్నంటే ఎన్ని చేతులు వడ్తయో విను, ఆ తర్వాత గుంపుతోని పోలుద్దువు. పొద్దు వొడవకముందే డెక్ మీదికి పోతం. వరుసగ నిలవడి, భుజం పక్కన భుజం, ఈ కొస నుంచి ఆ కొసదాక తలకాయ వంచుకోని నడుస్తం. బోల్టు ముక్క, వాషరు, తీగ తుంట, పెయింటు పెచ్చు, ఏది కనవడ్డా ఏరి జేబుల వేస్తం. ఫాడ్ వాక్ అంటరు దాన్ని. జెట్ ఇంజను గాలిని గుంజుకుంటది. ఆ గాలితోని రవ్వంత ఇనుపముక్క లోపలికి పోయిందంటే లోపట తిరిగే రెక్కలు విరుగుతయి. ఆఫీసరు గూడ ఆ వరుసలనే నడుస్తడు.

బావ: పొద్దుగాల్నే డెక్ ఊడ్సుడు అన్నట్టు.

బామ్మర్ది: అట్లనే అనుకో. కాని ఆ ఊడ్సుడు సరిగ్గ లేకుంటే పైలెట్ తిరిగి రాడు. తర్వాత మైకుల 'ఫ్లయింగ్ స్టేషన్స్' అని పిలుపు వస్తది. ఇగ ఎవని జాగల వాడు. జాకెట్టు రంగు జూస్తే ఎవడేం పని జేస్తడో ఎర్కైతది. నేవీ నేవీకి కొంచెం తేడా ఉంటది గాని, పసుపు జాకెట్టోడు సైగలతోని విమానాన్ని నడిపిస్తడు, నీలం జాకెట్టోళ్లు చక్రాలకు చాక్‌లు వెడ్తరు, గొలుసులు కట్టి విప్పుతరు, ఎర్ర జాకెట్టు బాంబుల కాడ ఉంటది. మాట వినవడదు బావా అక్కడ. ఇంజను మోత గుండెల తగుల్తది. చెవులకు మఫ్స్ వెట్టుకున్నా పండ్లు జలజల అంటయి. అంతా చేతులతోనే. అందుకే చెయ్యి తప్పు వడొద్దు.

బావ: నువ్వు చేసింది ఏ పని?

బామ్మర్ది: మొదట నీలం జాకెట్టు. గొలుసులు. విమానం డెక్ మీద నిలవడ్డదంటే దాన్ని గొలుసులతోని డెక్కుకున్న గుంతలల్ల కట్టాలె. కట్టినంక కొక్కెం బిగిసిందా లేదా చేత్తోని గుంజి జూడాలె. కండ్లతోని జూస్తే చాలదు. తుపాను గాలిల ఓడ ఊగుతుంటే రాత్రంత లేచి లేచి బిగిస్తం, ఒకటి సడలిందంటే విమానం జారి పక్క విమానం మీద వడ్తది. డెక్ మీద పూత ఎంత గరుకుగ ఉంటదో జూసినవా? చక్రాలు జారకుండ అట్ల పూస్తరు. మోకాళ్ల మీద కూసోని గొలుసు వేస్తే పాయింటు చిరిగి తోలు లేస్తది. మే నెలల అయితే బూటు అడుగు నుంచి ఎండ ఎక్కుతది. వానల నూనె తడితోని జారుతది. ఒక దిక్కు డెక్కు అంచు, అవతల సముద్రం. ఇంకో దిక్కు ఇంజను ఎనకాల వచ్చే మంటగాలి, మనిషిని లేపి నీళ్లల్ల కొట్టేస్తది. విమానాలు లేసేటప్పుడు, దిగేటప్పుడు ఒక హెలికాప్టరు గాల్లనే తిరుగుకుంట ఉండేది ఎందుకనుకున్నవ్? పడ్డోన్ని తీసేటందుకు.

బావ: చూడు, నీ నోటితోనే జెప్తున్నవ్. ఇట్లాంటి జాగకు ఆడబిడ్డను పంపమంటవ్.

బామ్మర్ది: మగపోరన్ని అయితే పంపుదువా?

బావ: వాన్ని గూడ పంప. సరే, గాలి సంగతి జెప్పు. ఓడ మీద నుంచి అంత బరువు విమానం ఎట్ల లేస్తది? మన శంషాబాదుల రన్‌వే కిలోమీటర్లకు కిలోమీటర్లు ఉంటది గద.

బామ్మర్ది: మన విక్రాంత్ పొడుగంతా కలిపితే 262 మీటర్లు. విమానం ఉరికేటందుకు అందుల దొరికేది ఇంకా తక్కువ. అందుకే ముందుగాల ఓడనే గాలికి ఎదురు తిప్పుతరు. 45,000 టన్నుల ఓడ మూతి తిప్పి గాలికి ఎదురు ఉరుకుతది. ఎదురుగాలి, ఓడ ఉరుకుడు రెండూ కలిసి విమానం రెక్కల కిందికి వస్తయి.

బావ: తూర్పార వట్టేటోడు గాలి వాటం జూసి నిలవడ్డట్టు.

బామ్మర్ది: అగో, అంతే. ఇగ డెక్కులనుంచి చక్రాల ముంగట రెండు అడ్డాలు లేస్తయి. పైలెట్ ఇంజన్లను ఆఖరిదాక పెంచుతడు, విమానం ముందుకు గుంజుతుంటది, అడ్డాలు ఆపుతయి. సైగ అయితనే అడ్డాలు పడిపోతయి. విమానం ఉరికి ఓడ ముక్కు కాడ 14 డిగ్రీలు పైకి ఒంగిన ఏటవాలు ఎక్కి గాలిలకు పోతది. స్కీ జంప్ అంటరు దాన్ని. గాలిలకు పోయిన క్షణానికి దానికి ఎగిరేంత వేగం పూర్తిగ ఉండదు. పైకి ఎగిరేసినందుకు దొరికిన ఒకటి రెండు సెకండ్లల్లనే వేగం కూడవెట్టుకుంటది.

బావ: మరి దిగుడు?

బామ్మర్ది: దిగుడే కష్టం. గంటకు 240 కిలోమీటర్ల దగ్గర వస్తది, రెండున్నర సెకండ్లల్ల ఆగిపోతది. డెక్ మీద అడ్డంగ మూడు ఉక్కుతాళ్లు ఉంటయి, విమానం తోక కింది కొక్కెం ఒకదానికి తగలాలె. చక్రాలు డెక్కుకు తగిలినంక పైలెట్ ఇంజను తగ్గిస్తడనుకుంటున్నవా? పెంచుతడు. కొక్కెం తప్పితే మళ్ల గాలిలకు లేవాలె గద. పక్కన దీపాలు వెట్టి ఉంటరు, కిందికి వచ్చినవంటే ఎర్ర దీపం కనవడ్తది. ఎల్ఎస్ఓ అని ఒక అనుభవమున్న పైలెట్ డెక్ అంచున నిలవడి రేడియోల మాట్లాడుతుంటడు. ఆయన వద్దన్నడంటే ఎంత పెద్ద పైలెట్ అయినా దిగుడు మానుకోని పైకి లేవాల్సిందే. 2023 ఫిబ్రవరి 6న విక్రాంత్ మీద మన తేజస్, మిగ్-29కె మొదటిసారి దిగినయి. ఆ మేల రాత్రి చీకట్ల మిగ్ దిగింది. చీకట్ల సముద్రం మీద ఆ డెక్ ఎంత కనవడ్తదో నేను జెప్పలేను. ఇరవై లీటర్ల సీసా మూతంత అనుకో, అది గూడ కదులుతుంటది.

బావ: ఇదంతా పైలెట్ గొప్పతనమే గద. మళ్ల అక్కడికే వచ్చినం. కిందోళ్లు ఏం తింటరు, యాడ పంటరు, అది జెప్పు.

బామ్మర్ది: మూడంతస్తుల బంకులు. మీదోడు పక్కకు తిరిగితే కిందోనికి తెలుస్తది. నాలుగేసి గంటల వాచీలు, రాత్రి పన్నెండు నుంచి నాలుగుదాక వాచీ వడ్డదంటే నిద్ర రెండు ముక్కలు. లోపటి పనోళ్లకు పొద్దు వొడిసింది, కూకింది తెల్వదు, నాలుగైదు రోజులు ఎండ జూడనోళ్లు ఉంటరు. తిండి మాత్రం వేళకు వస్తది. మన ఇంకో ఓడ విక్రమాదిత్య లెక్క జెప్పనా? నెలకు 16 టన్నుల బియ్యం, లక్ష దాక కోడిగుడ్లు, 20,000 లీటర్ల పాలు.

బావ: పదారు టన్నులా! మనిషికి నెలకు పది కిలోలు వడ్తది గద. రెండు పూటల అన్నం తినేటోనికి సాలదు.

బామ్మర్ది: సగం మంది చపాతి తినేటోళ్లు బావా. మనలాంటోళ్లు పెరుగన్నం కోసం వంటోని కాడ మొకం వెట్టుకోని నిలవడ్తరు. నీళ్ల సంగతి గూడ విను, నీకు నచ్చుతది. విక్రమాదిత్యల ఉప్పునీళ్లను మంచినీళ్లు జేసే యంత్రాలు రోజుకు 400 టన్నులు తీస్తయి. అయినా ఆవిరితోని నడిచే ఓడలల్ల బాయిలర్ తాగినంకనే మనిషికి. నీళ్లు కట్ అన్ననాడు ఒక మగ్గుతోని మొకం కడుక్కోని, అదే నీళ్లతోని బనీను తడిపి ఒళ్లు తుడుసుకున్నం. నాకేం కొత్తగ అనిపియ్యలే. పెద్దమందడిల పుట్టినోనికి నీళ్లు దాసుకునుడు ఒకరు నేర్పాల్నా?

బావ: నీళ్లంటివి గనుక అడుగుతున్న. ఆ విక్రాంత్ ఓడకు 20,000 కోట్లు. దాని మీదికి ఫ్రాన్సు నుంచి 26 రఫేల్ విమానాలు, 2025 ఏప్రిల్‌ల సంతకం వెట్టిన్రు, దగ్గర దగ్గర 63,000 కోట్లు. పాలమూరు-రంగారెడ్డి ఎత్తిపోతలకు 2015ల వేసిన అంచనా 35,200 కోట్లు. లెక్క నువ్వే జెయ్యి. ఎన్నేండ్లాయె, మన కాలువల పూర్తిగ నీళ్లు యాడున్నయి?

బామ్మర్ది: ఆ లెక్కల ఒక తిరకాసు ఉన్నది. ఎత్తిపోతల ఆగింది పైసలకు ఒక్కటే కాదు. కృష్ణ నీళ్ల వాటా ఎవరిది ఎంత అనే తగాద, పర్యావరణ అనుమతులు, కోర్టులు. ఓడ కట్టకుంటే ఆ పైసలు మన కాలువకు వస్తుండె అని ఎవ్వడూ రాసియ్యలే. ఇంకోటి, ఆ ఓడ ఉక్కు సంగతి నీకు ఎర్కనా? మొదట రష్యా నుంచి తెప్పిద్దామనుకున్నరు, అది కుదరలే. అప్పుడు హైదరాబాద్ కంచన్‌బాగ్‌ల ఉన్న డీఎంఆర్ఎల్ అనే లోహాల ల్యాబు, సెయిల్‌తోని కలిసి ఆ ఉక్కును తయారుజేసింది. డీఎంఆర్-249 అంటరు. 2009 ఫిబ్రవరిల కొచ్చిన్ షిప్‌యార్డుల అడుగు దూలం (కీల్) వేసి 2022 సెప్టెంబర్ 2న నేవీల చేర్చుకున్నరు. పదమూడేండ్ల పని. ఇప్పుడు ఆ ఉక్కు వేరే యుద్ధనౌకలకు గూడ పనికొస్తున్నది. చేతికొచ్చిన పనితనం పోదు బావా.

బావ: పనితనం కాదన. ఆ ఓడ పనికొస్తదా అని అడుగుతున్న. ఈ రోజుల దూరం నుంచి క్షిపణి వేస్తరు, కింది నుంచి జలాంతర్గామి వస్తది. అంత పెద్ద ఓడ యాడ దాక్కుంటది? సముద్రమే లేని మన తెలంగాణల దామగుండం అడవిని నేవీకి ఇచ్చి, 2024 అక్టోబర్‌ల రేడియో స్టేషనుకు శంకుస్థాపన జేసిన్రు. జలాంతర్గాములకు సంకేతాలు పంపేటందుకే గద అది. అంటే వాళ్లకే ఎర్క, ఇక ముందు పని జలాంతర్గామిదే అని.

బామ్మర్ది: 1971 యాదికి తెచ్చుకో. ఘాజీ సినిమా మనం కలిసే జూస్తిమి. పాకిస్తాన్ జలాంతర్గామి కరాచి నుంచి బంగాళాఖాతం దాక ఎందుకొచ్చింది? పాత విక్రాంత్‌ను ముంచేటందుకు. ఒక్క ఓడ కోసం అంత దూరం వచ్చిన్రంటే దాని విలువ వాళ్లకు ఎర్క.

బావ: నువ్వు నా మాటనే జెప్తున్నవ్! విక్రాంత్‌ను అండమాన్ దిక్కు దాసిపెట్టి, అది విశాఖలనే ఉన్నట్టు నాటకమాడిన్రు. వైర్‌లెస్ మెసేజీలు పంపిన్రు, విశాఖ బజార్ల మాంసం, కూరగాయలు కుప్పలకు కుప్పలు ఆర్డరిచ్చిన్రు అంటరు. అంటే ఏంది? ఓడ దేశాన్ని కాపాడుడు కాదు, దేశమే ఓడను కాపాడవలసి వచ్చింది.

బామ్మర్ది: దాసింది నిజం. కాని డిసెంబర్ 3 రాత్రి ఘాజీ విశాఖ కాడ మునిగింది. ఎట్ల మునిగిందో రెండు దేశాలు రెండు తీర్ల జెప్తయి, అది వేరే సంగతి. 4 నుంచి విక్రాంత్ మీది సీ హాక్ విమానాలు కాక్స్ బజార్, చిట్టగాంగ్ మీద వడ్డయి. తూర్పు పాకిస్తాన్‌కు సముద్రం తొవ్వ బందైంది. అప్పటికి ఆ ఓడకున్న నాలుగు బాయిలర్లల్ల ఒకటి పగుళ్లువట్టి ఉన్నది. పూర్తి వేగం పోరాదు. వేగం లేదు, గాలి లేదు అంటే విమానం లేవదు అని ఇప్పుడే జెప్పిన గద. ఆ బాయిలర్ కాడ ఉన్నోళ్ల ఫోటోలు ఏ పేపర్ల రాలే. కాని యుద్ధం వాళ్ల చేతులల్ల నడిచింది.

ఇక్కడ ఒక్క మాట నేను చెప్పాలి. బావ వేసిన ప్రశ్న పెద్దమందడిలో పుట్టింది కాదు, ఢిల్లీలోనూ నడిచిందే. 2020లో త్రిదళాధిపతిగా ఉన్న జనరల్ బిపిన్ రావత్ మూడో విమానవాహక నౌక కంటే జలాంతర్గాములకే ముందు చోటు దక్కాలన్న ధోరణిలో మాట్లాడారు. సముద్రం మీద వైమానిక బలం ఇప్పుడే, ఇక్కడే కావాలని అప్పటి నౌకాదళాధిపతి అడ్మిరల్ కరంబీర్ సింగ్ గట్టిగా అన్నారు. 2025 మేలో ఆపరేషన్ సిందూర్ అప్పుడు విక్రాంత్ బృందం ఉత్తర అరేబియా సముద్రంలో నిలిచి పాకిస్తాన్ నౌకల్ని రేవుల దగ్గరే కట్టిపడేసిందని నౌకాదళం చెప్పుకుంది. నా వరకు, రెండు వైపులా వేల కిలోమీటర్ల తీరం ఉన్న దేశానికి తీరం దాటి చూసే కన్ను కావాలన్నది ఒప్పుకుంటాను. కానీ ఖర్చును ప్రశ్నించే హక్కు పాలమూరు రైతుకు ఢిల్లీ సేనానుల కంటే తక్కువేమీ లేదు. అసలు వాదన మాత్రం ఓడ గురించి కాదని అప్పటికే ఇద్దరికీ తెలుసు. ఆ తర్వాత బావ చెప్పింది నేను అంతకుముందు ఎన్నడూ వినలేదు.

బావ: ఓడ వద్దు, యుద్ధం వద్దు, అవన్ని పక్కన వెట్టు. నేను ఎందుకు పంపనంటున్ననో జెప్త. పెండ్లికాకముందు గుంపుల పోయిన, కాలువ పనికి. గోడకు సెంట్రింగు కొట్టి కాంక్రీటు పోస్తున్నం. నేను కింద ఉన్న. ఊతం వెట్టిన ఒక బల్లీ కాలు మెత్తటి మట్టిలకు దిగుతున్నది. కొంచెం కొంచెం, వేలెడంత. నాకు కనవడ్డది. మీదికి జూసి మేస్త్రీకి జెప్పిన. నీ పని నువ్వు జూసుకోరా అన్నడు. మళ్ల జెప్పిన. ఇంకా రెండు గంటల కాంక్రీటు ఉన్నది, ఆపితే లారీల పైసలు నువ్విస్తవా అన్నడు. పదిమంది ముంగట నవ్విన్రు. నేను తట్ట ఎత్తుకోని పోయిన. పొద్దూకేటాళ్లకు గోడ ఒరిగి వడ్డది. మా పక్కూరోని నడుము మీద. ఆయన మళ్ల లేవలే, మంచాన వడి రెండేండ్లకు పోయిండు. నాకు కనవడ్డది బామ్మర్దీ. నేను జెప్పిన. కూలోని మాట ఎవ్వడు వింటడు? అందుకే అంటున్న, నా బిడ్డ ఏ గుంపులకూ పోవద్దు. సర్కారు గుంపైనా సరే.

బామ్మర్ది: ...ఈ సంగతి నాకెన్నడూ జెప్పలే.

బావ: జెప్పేది ఏమున్నది.

బామ్మర్ది: అయితే ఇప్పుడు నేను జెప్పేది విను. సర్వీసుల చేరిన కొత్తల, ఒక ఓడ మీద. విమానం కదిలేటందుకు తయారుగున్నది, పసుపు జాకెట్టు ఆఫీసరు ముందుకు రమ్మని చేతులూపుతున్నడు. నేను అవతలి పక్క ఉన్న. ఎనక చక్రం కాడ ఒక గొలుసు ఇంకా విప్పలే. అది నా గొలుసు కాదు, ఇంకొకనిది. ఆలోచించే టైము లేదు. రెండు చేతులు తలకాయ మీద అడ్డంగ వెట్టి నిలవడ్డ. అంతే. ఆఫీసరు నన్ను జూసిండు, ఎందుకని అడగలే, గొలుసు జూడలే, విమానాన్ని ఆపేసిండు. మీద ఫ్లైకో అనే కంట్రోల్ గదిల కమాండర్ ఉంటడు, ఆయన గూడ నోరు మెదపలే. ముందు ఆపాలె, తర్వాత అడగాలె. అది అక్కడి లెక్క. నాకు అప్పటికి మీసం సరిగ్గ రాలే బావా. నా మాటకు కోట్ల రూపాయల విమానం ఆగింది.

బావ: తర్వాత?

బామ్మర్ది: గొలుసు విప్పిన్రు, విమానం పోయింది. రాత్రి మెస్సుల ఎవడో భుజం తట్టిండు. అంతే. అది అక్కడ పెద్ద సంగతి కాదు, అదే గద నేను జెప్పేది. అమెరికోళ్ల కార్ల్ విన్సన్ అనే ఓడ మీద ఇంకో సంగతి జరిగింది, దాన్ని పరిశోధకులు పుస్తకాలల్ల రాసిన్రు. ఒక మామూలు నావికుడు డెక్ మీద పనిముట్టు పారేసుకున్నడు. వాడే పోయి ఒప్పుకున్నడు. గాలిల ఉన్న విమానాలన్నిటిని ఒడ్డు మీది విమానాశ్రయాలకు మళ్లించి, పనిముట్టు దొరికేదాక డెక్ అంతా వెతికిన్రు. తెల్లారి ఆ పోరన్ని డెక్ మీద అందరి ముంగట నిలవెట్టిన్రు. తిట్టేటందుకు కాదు, మెచ్చుకునేటందుకు. పారేసుకున్నందుకు తిడితే రేపు ఇంకొకడు దాస్తడు. దాసిన పనిముట్టు ఇంజన్లకు పోతది.

బావ: మా మేస్త్రీ అయితే రెండు రోజుల కూలి కోస్తుండె.

బామ్మర్ది: మీ దగ్గర జెప్పినోన్ని కోసిన్రు. అక్కడ జెప్పనోన్ని కోస్తరు. నేను ఇన్నేండ్లు ఉన్నది దానికోసమే బావా. జీతం కోసం అయితే దుబాయి పోదును.

బావ: మంచిదే. కాని అంతా అట్లనే ఉంటదా ఓడల? కిందికి పోయినంక? ఆఫీసర్లు, మీరు ఒక్క కాడ కూసోని తింటరా?

బామ్మర్ది: తినం. వాళ్లకు వార్డ్‌రూమ్, మాకు మెస్. వాళ్ల క్యాబిన్లు వేరు, మా బంకులు వేరు. సలాం కొట్టుడు, సార్ అనుడు తప్పదు. మీద డెక్కు మీద ఉన్న లెక్క కింద ఉండదు. ఆ మాట నేను కాదనలేను.

బావ: అంటే దొర దొరే, జీతగాడు జీతగాడే. వనపర్తి సంస్థానం పోయి డెబ్బై ఏండ్లు దాటింది, ఓడ లోపట ఇంకా నడుస్తున్నది అన్నట్టు. సరే, అది గూడ పోనీ. నాలుగేండ్ల సంగతి జెప్పు. నువ్వు చేరినప్పుడు పదిహేనేండ్లు ఖాయం, మీద పెన్షన్. నా బిడ్డకు? మొదటి ఏడాది నెలకు 30,000, అందుల కోత పోంగ చేతికి 21,000. నాలుగేండ్లయినంక నూటికి 25 మందిని ఉంచుకుంటరు, కడమోళ్లకు 11 లక్షల పైచిలుకు ఇచ్చి దండం వెడ్తరు. పెన్షన్ లేదు. నువ్వు డెక్ మీద ఒంటరిగ నిలవడి చెయ్యెత్తేంత ధైర్యం వచ్చేసరికి ఎన్నేండ్లు వట్టింది?

బామ్మర్ది: ధైర్యం మొదటి ఏడే వచ్చింది. కన్ను రానీకె ఐదారేండ్లు వట్టింది. ఏది మామూలు, ఏది తేడా అని జూడంగనే ఎర్కయ్యే కన్ను.

బావ: మరి నాలుగేండ్లకే పంపేస్తే ఆ కన్ను ఎవనికి వస్తది?

బామ్మర్ది: దానికి నా కాడ జవాబు లేదు బావా. నేను గూడ అదే అనుకుంట. గొలుసు కట్టుడు నేర్పిన పోరడు నాలుగేండ్లకు బయటికి పోతడు, మళ్ల కొత్తోనికి మొదటినుంచి నేర్పాలె. డెక్ మీద ఆ పాత కన్ను ఉంటేనే కొత్తోని చెయ్యికి విలువ. ఉంచుకునే పాతిక మందిల మన బిడ్డ ఉంటదని నేను మాటియ్యలేను.

ఈ జవాబు దగ్గర నేను పూర్తిగా బావ పక్షమే. ఎవరి చెయ్యి లేస్తే విమానం ఆగుతుందో ఆ చేతిని నాలుగేళ్లకు ఇంటికి పంపే లెక్క ఎవరు వేశారో గాని, వాళ్లు తెల్లవారకముందు డెక్ మీద వరుసలో నడిచినవాళ్లయితే కాదు.

బావ: మాటియ్యలేనన్నవ్, అందుకు నిన్ను నమ్ముత. ఇంకోటి అడుగుత, కోపం జేసుకోకు. మీ నాయిన పోయిన్నాడు నువ్వు యాడున్నవ్?

బామ్మర్ది: సముద్రంల.

బావ: తలకొరివి వెట్టింది నేను. మూడో దినానికి గూడ నువ్వు రాలే. మీ అక్క వాకిట్ల కూసోని తొవ్వ జూసింది. ఆనాడు నీ డెక్కు మీద ఎవడు చెయ్యెత్తిండు నీ కోసం?

బామ్మర్ది: ఎవ్వడు ఎత్తలే. మెసేజు వచ్చింది, చదివిచ్చిన్రు. ఓడ తిరిగి రానీకె పది రోజులు. ఆ రాత్రి గూడ వాచీ జేసిన. గొలుసులు బిగిచ్చిన. నువ్వు ఉన్నవనే ఆ పని జెయ్యగలిగిన బావా, ఇంత కాలం నీకు ఆ మాట జెప్పలేకపోయిన.

బావ: రేపు నాకేమైనా అయితే బిడ్డ గూడ అట్లనే.

బామ్మర్ది: అట్లనే. ఇప్పుడు ఫోన్లు కొంచెం మెరుగైనయి గాని ఓడ ఒడ్డుకు రావాల్సిందే గద. అది ఒక్కటే గాదు, ప్రాణం సంగతి గూడ జెప్త. 2016 మార్చిల విరాట్ ఓడ బాయిలర్ గదిల ఆవిరి లీకై ఒక నావికుడు పోయిండు. ఆ జూన్‌ల కార్వార్‌ల విక్రమాదిత్య మరమ్మత్తు కాడ విషవాయువు వచ్చి ఇద్దరు పోయిన్రు. 2019 ఏప్రిల్‌ల అదే ఓడ రేవులకు వచ్చేటప్పుడు అగ్గి వడ్తే, ఆర్పవోయిన ఆఫీసరు ఒకాయన పోయిండు. డెక్ మీద చేతులెత్తుతరు, కాని ఆవిరి గొట్టం పగిలితే చెయ్యెత్తే టైము ఉండదు.

బావ: ఇవి బిడ్డకు జెప్పినవా?

బామ్మర్ది: జెప్పలే.

బావ: మరి ఏం జెప్పినవ్?

బామ్మర్ది: విశాఖ సంగతి జెప్పిన. 2025 జులైల ఐఎన్ఎస్ డేగల ఆస్థా పూనియా అనే అమ్మాయిని నేవీ ఫైటర్ విమానాలకు తీసుకున్నరు, మొదటి అమ్మాయి ఆమెనే. అగ్నివీర్ల మొదటి బ్యాచ్ 2023 మార్చిల ఒడిశా చిలకా నుంచి బయటికి వస్తే అందుల 273 మంది ఆడపిల్లలే. అవన్ని జెప్పిన.

బావ: ఆమె పైలెట్. మన బిడ్డ గొలుసులు కట్టేది. ఆ తేడా జెప్పినవా?

బామ్మర్ది: ఆ తేడా బిడ్డకు ఎర్కనే. నాతోని ఏమన్నదో తెలుసా? మామా, నాకు గొలుసుల పని ఇస్తరా అని అడిగింది. నేను ఎప్పుడో జెప్పిన ఆ చేతులెత్తిన సంగతి యాదికి వెట్టుకున్నది.

బావ: ఇస్తరా?

బామ్మర్ది: చెప్పరాదు. ఓడ వస్తదో, ఒడ్డు మీద పని వస్తదో, ఏ ట్రేడ్ వస్తదో వాళ్ల చేతిల. అడిగినోళ్లకు అడిగింది ఇయ్యరు.

బావ: ఇగ విను. నేను ఫారం మీద సంతకం వెట్ట. వెట్టమని బలవంతం జెయ్యకు. కాని బిడ్డను అడ్డుకోను. పద్దెనిమిది నిండినయి, ఆమె సంతకం ఆమె వెట్టుకుంటది. ఒక్కటే మాట. ఇప్పుడు నాకు జెప్పినయన్ని, వరుసగ, బిడ్డకు జెప్పాలె. నాలుగేండ్ల లెక్క జెప్పాలె. మీ నాయిన సంగతి జెప్పాలె. ఆ ఆవిరి గొట్టం సంగతి గూడ.

బామ్మర్ది: జెప్త. ముందు అదే జెప్త.

బావ: నేను పక్కన ఉన్నప్పుడు జెప్పాలె.

బామ్మర్ది: మరి నువ్వు ఆ బల్లీ సంగతి జెప్తవా?

బావ: పిలువు బిడ్డను.